మన లాటరీ తెరిస్తే అందరి లాటరీలకూ తలుపు తీసినట్టే

ఖజానాలో డబ్బు లేదన్న వార్త రాగానే ఎవరో ఒకరు మొదలుపెడతారు: "కేరళని చూడండి, మనమూ లాటరీ పెట్టుకుంటే పోలా?" 2025లో హిమాచల్ ప్రదేశ్ మంత్రివర్గం ఎప్పుడో ఆపేసిన లాటరీని మళ్లీ తేవాలని నిర్ణయించింది కదా, ఈ వాదనకి ఇంకాస్త ఊపొచ్చింది. ఇలా అనేవాళ్లెవరూ 1999 నాటి సుప్రీంకోర్టు తీర్పు ఊసెత్తరు. నా బాధంతా అదే.

రాజ్యాంగంలో పందేలు, జూదం రాష్ట్రాల జాబితాలో ఉన్నాయి. ప్రభుత్వాలు నడిపే లాటరీలని మాత్రం విడదీసి కేంద్ర జాబితాలో 40వ అంశంగా పెట్టారు, అంటే వాటి మీద చట్టం చేసేది పార్లమెంటే. కాబట్టి వేరే రాష్ట్ర ప్రభుత్వం లాటరీ మన వీధిలో అమ్ముతుంటే మన ప్రభుత్వం సొంతంగా ఆపలేదు. మహారాష్ట్ర ఆపబోతే 1984లో సుప్రీంకోర్టు కుదరదంది. చివరికి పార్లమెంటు 1998లో లాటరీల నియంత్రణ చట్టం తెచ్చి, 5వ సెక్షన్‌లో ఆ అధికారం రాష్ట్రాల చేతికిచ్చింది. లాటరీ ఏజెంట్లు ఊరుకుంటారా, కోర్టుకెక్కారు. అదే బి.ఆర్. ఎంటర్‌ప్రైజెస్ కేసు.

వ్యాపారం చేసుకునే హక్కు మాకు లేదా అన్నది వాళ్ల వాదన. జూదం అసలు వ్యాపారమే కాదని చమర్‌బాగ్‌వాలా కేసులో 1957లోనే సుప్రీంకోర్టు తేల్చేసింది. ప్రభుత్వం నడిపినంత మాత్రాన లాటరీ జూదం కాకుండా పోదని 1999లో కోర్టు స్పష్టం చేసింది. సెక్షన్ నిలబడింది, కానీ ఒక షరతుతో. తాను లాటరీ నడపని రాష్ట్రమే ఇతరుల లాటరీలని నిషేధించగలదు. సొంత లాటరీ అమ్ముకుంటూ పక్కవాడిది మాత్రం వద్దంటే చెల్లదు.

ఎంత న్యాయమైన షరతో చూడండి! ప్రజల మేలు కోసమే నిషేధం అంటున్నప్పుడు ఆ మేలు నీ టికెట్‌కీ వర్తించాలి కదా.

మనం మరిచిపోయాం గానీ, ఒకప్పుడు మన బస్టాండ్ల దగ్గర బల్లల మీద క్లిప్పులు పెట్టిన టికెట్లు వేలాడేవి. మైకులో "ఈరోజే డ్రా, ఈరోజే డ్రా" అని ఒకటే హోరు. మా వీధి చివర రిక్షా తొక్కే ఆయన సాయంత్రం కాగానే రిజల్టు కాగితం మీద వేలు పెట్టి ఒక్కో అంకే చదువుకుంటూ కిందికి పోయేవాడు. ఆఖరి అంకె దగ్గర తప్పితే, మళ్లీ మొదటి నుంచి చూసేవాడు. ఆయన భార్య నాలుగిళ్లలో గిన్నెలు తోమేది. ఆ ఇంటికి చేరాల్సిన డబ్బే ఆ బల్ల దగ్గర ఆగిపోయేది.

ఇప్పుడు ఆంధ్రాలోనైనా తెలంగాణలోనైనా ప్రభుత్వ లాటరీ లేదు. అందుకే బయటి లాటరీలని ఆపే హక్కు మనకుంది. రేపు మనమే ఒక టికెట్ అచ్చువేశామనుకోండి, నాగాలాండ్, సిక్కిం లాంటి రాష్ట్రాల పేపర్ లాటరీలని అడ్డుకునే ఆ హక్కు పోతుంది. పేపర్ లాటరీ నడుపుతూనే ఆన్‌లైన్ లాటరీని నిషేధించవచ్చని కేరళ కేసులో 2015లో కోర్టు ఒప్పుకుంది. ఆ వెసులుబాటు అంతవరకే.

కేరళ సంగతి వేరు. 1967లో మొదలుపెట్టి, అమ్మకాలకి ప్రభుత్వ శాఖనే నిలబెట్టి, వైద్య సాయానికి కారుణ్య నిధి పెట్టారు. అంత పకడ్బందీగా ఉన్నా బయటి లాటరీలతో ఏళ్ల తరబడి కోర్టుల చుట్టూ తిరగాల్సి వచ్చింది. మనకి ఆ వ్యవస్థే లేదు. ఇక ఈ వ్యాపారంలో తిరిగే డబ్బు ఎంతంటారా? రాజకీయ పార్టీలకి విరాళాలిచ్చేందుకు పెట్టిన ఎలక్టోరల్ బాండ్లు అందరికంటే ఎక్కువ కొన్నది ఒక లాటరీ కంపెనీయే. మొత్తం 1,368 కోట్లు. ఆ డబ్బు ఏ జేబుల్లోంచి వచ్చిందో ఆలోచించండి.

నిషేధం ఉన్నా దొంగచాటుగా అమ్ముతున్నారు, వాట్సాప్‌లో కేరళ లాటరీ పేరుతో మోసాలు జరుగుతున్నాయి. నిజమే. అది పోలీసుల మీద ఒత్తిడి తెచ్చి ఆపించాల్సిన పని. దొంగ సారా కాస్తున్నారని ప్రభుత్వమే సారా కాయాలంటామా?

లాటరీ పెడదామనే నాయకులెవరైనా ఉంటే, ఆదాయం లెక్క చెప్పేముందు ఒక్కదానికి జవాబివ్వండి: బయటి లాటరీలు మన ఊళ్లలోకొస్తే ఏ చట్టంతో ఆపుతారు? అది అసెంబ్లీలోనే, రికార్డుల్లోకి ఎక్కేలా చెప్పండి.