సవరణ: ఆ సినిమా దర్శకుడు టిమ్ బర్టన్ కాదు

'ది నైట్‌మేర్ బిఫోర్ క్రిస్మస్' (1993)ను టిమ్ బర్టన్ డైరెక్ట్ చేశారని మొన్నటి పోస్టులో రాశాను. అది తప్పు. దర్శకుడు హెన్రీ సెలిక్. సినిమా టైటిల్స్‌లోనే స్పష్టంగా ఉంది. పోస్టర్ మీద బర్టన్ పేరు చూసి పొరబడ్డాను.

బర్టన్ ఇచ్చింది కథ, పాత్రలు. నిర్మాతల్లో ఒకరు కూడా. డిస్నీలో పనిచేసే రోజుల్లో రాసుకున్న కవితే దీనికి మూలం. స్క్రీన్‌ప్లే కెరొలీన్ థాంప్సన్‌ది. ఈ సినిమా తీస్తున్న సమయంలో బర్టన్ 'బ్యాట్‌మాన్ రిటర్న్స్' పనిలో ఉన్నారు.

ఇది బొమ్మలతో తీసిన స్టాప్-మోషన్ యానిమేషన్ సినిమా. సెట్‌లో బొమ్మను వెంట్రుకవాసి కదిపి ఫోటో తీయడం, మళ్ళీ కదపడం. తెర మీద ఒక్క సెకనుకు 24 ఫ్రేములు. కథానాయకుడు జాక్ ముఖంలో భావాలు మారడానికి వందల తలలు చేశారు. ఇంత ఓపికగా పని నడిపించిన మనిషి పేరే వదిలేశానని బాధగా ఉంది. పాత పోస్టు దిద్దాను.