ఇంటిపేరు ఎందుకండీ మీకు?

నెల్లూరు నుంచి ఒంగోలు బస్సెక్కానంటే నాకో టెన్షన్. పక్కసీటాయన పలకరిస్తే సంతోషమే. ఎండ గురించి, వరి ధర గురించి, పిల్లల చదువుల గురించి ఎంతసేపైనా మాట్లాడతాను. కానీ బస్సు పెన్నా వారధి దాటి కోవూరు చేరకముందే ఆ ప్రశ్న మొదలవుతుంది.

"మీదే ఊరు?" చెప్తాను. "ఊళ్ళో ఎటువైపు?" చెప్తాను. "ఇంటిపేరేంది?" ఇక్కడ నా గొంతు ఆగిపోతుంది. ఇంటిపేరుతో తేలకపోతే "మనోళ్ళేనా?" అని నేరుగా అడిగేస్తారు.

మొన్న ఒకాయన కావలి దాకా తన చేతిసంచిలోని జంతికలు పంచుకున్నాడు. ఎంత ఆప్యాయంగా మాట్లాడాడో! నా జవాబు విన్నాక సంచి మూతి కట్టేసి కిటికీ వైపు తిరిగాడు. సింగరాయకొండ దాటినా, ఒంగోలు వచ్చినా మళ్ళీ నోరు విప్పలేదు. ఆ గంటన్నర నాకెంత బరువుగా గడిచిందో ఆయనకు తెలుసా?

మళ్ళీ కలుస్తామో లేదో తెలియని మనిషి కులంతో మీకేం పనండీ? నెల్లూరు మూలాపేట వేణుగోపాలస్వామి గుడిలోకి దళితులను రానివ్వాలని 1946లో పొట్టి శ్రీరాములు గారు అన్నం మానేసి కూర్చున్నారు. మన జిల్లాకు 2008 నుంచి ఆయన పేరే ఉంది. ఆ జిల్లా బస్సులోనే పక్కన కూర్చున్నవాణ్ణి ఇంకా ఇలా తూకం వేస్తున్నారు.

పేరు అడగండి, చెప్తాను. ఎక్కడ దిగుతానో అడగండి. ఆ ఒక్క ప్రశ్న మాత్రం వదిలేయండి, దయచేసి.