మూడేళ్ల రిటర్నులకు పది రెట్లు పరిహారం: ఆ సందేశంలో ఏది తప్పు?

వాట్సాప్ గ్రూపుల్లో ఏళ్లుగా తిరుగుతున్న సందేశం ఇది: వరుసగా మూడేళ్లు ఇన్‌కమ్ ట్యాక్స్ రిటర్ను వేసిన మనిషి ప్రమాదంలో చనిపోతే, సగటు వార్షికాదాయానికి పది రెట్లు ప్రభుత్వం ఆ కుటుంబానికి ఇవ్వాలి. సగటు 5 లక్షలైతే 50 లక్షలు. రిటర్నులు లేకపోతే ఏమీ రాకపోవచ్చు. ఆధారంగా మోటారు వాహనాల చట్టం సెక్షన్ 166ను, ఒక సుప్రీంకోర్టు తీర్పును చూపిస్తారు. ఆ సెక్షన్ ఉన్నమాట నిజమే. అందులో ఈ మాటలు మాత్రం లేవు. వీటిని నమ్మి కూర్చున్న కుటుంబం రావలసిన డబ్బు పోగొట్టుకుంటుంది, అందుకే ఈ వివరణ.

"ప్రభుత్వం ఇస్తుంది." ఇవ్వదు. సెక్షన్ 166 కింద కేసు వేసేది గుద్దిన బండి డ్రైవరు, యజమాని, ఇన్సూరెన్సు కంపెనీల మీద. మామూలుగా కట్టేది కంపెనీ. పాలసీ లేకపోతే యజమాని, ఆర్టీసీ బస్సయితే ఆ సంస్థ. డ్రైవరుకు లైసెన్సు లేదని కంపెనీ అడ్డం తిరిగినా, ముందు కుటుంబానికి చెల్లించి తర్వాత యజమాని దగ్గర రాబట్టుకోమని చాలా కేసుల్లో ఆదేశిస్తారు. కేసు వేయాల్సింది మోటారు ప్రమాదాల క్లెయిముల ట్రిబ్యునల్లో. ప్రమాదం సూర్యాపేట దగ్గర జరిగినా, కుటుంబం విజయవాడలో ఉంటే ఇక్కడి ట్రిబ్యునల్లోనే వేసుకోవచ్చు.

"ప్రమాదంలో పోతే చాలు." చాలదు. 166 కింద అవతలి బండి తప్పు చూపాలి. తన బండి తానే డివైడర్‌కు కొట్టి పోయినవారికి ఈ దారి లేదు. వారి పాలసీలో యజమాని-డ్రైవరుకు ఉండే 15 లక్షల వ్యక్తిగత ప్రమాద బీమా ఉందేమో చూడాలి. చాలామంది ఆ కాగితం వెనక్కి తిప్పి కూడా చూడరు.

"పది రెట్లు." అసలు చిక్కు ఇక్కడే. ఎన్ని రెట్లన్నది వయసును బట్టి ఉంటుంది. 2009లో సుప్రీంకోర్టు ఖాయం చేసిన పట్టిక ప్రకారం 15–25 ఏళ్లకు 18, 26–30కి 17, 31–35కి 16, 36–40కి 15, 41–45కి 14, 46–50కి 13, 51–55కి 11, 56–60కి 9, 61–65కి 7, ఆపైన 5. పది అనే అంకె ఆ పట్టికలోనే లేదు.

లెక్క ఒకటి వేసి చూద్దాం. ఆటోనగర్‌లో నెలకు 20,000 సంపాదించే 34 ఏళ్ల మెకానిక్. ఆధారపడినవారు భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి. ఏడాదికి 2,40,000. పర్మనెంటు ఉద్యోగం కాదు, వయసు 40 లోపు కాబట్టి, 2017 రాజ్యాంగ ధర్మాసనం తీర్పు ప్రకారం భవిష్యత్ సంపాదన కింద 40 శాతం కలిపితే 3,36,000. ఆధారపడినవారు నలుగురు గనక అతని సొంత ఖర్చుకు నాలుగో వంతు తీస్తే 2,52,000. పదహారు రెట్లు 40,32,000. మనిషిని కోల్పోయినందుకు నలుగురికీ తలా 48,400, అంత్యక్రియలకు 18,150, అతను బతికుంటే కూడబెట్టి మిగిల్చే ఆస్తి పోయినందుకు 18,150 కలిపితే మొత్తం 42,61,900. వాట్సాప్ లెక్కలో వచ్చేది 24 లక్షలే. పాతిక లక్షలకు రాజీ పడదామని ఎవరైనా అంటే, పది రెట్లు నమ్మినవాళ్లు సంతోషంగా సంతకం పెట్టేస్తారు.

"రిటర్నులు లేకపోతే రాదు." రిటర్ను ఆదాయానికి ఒక రుజువు, గట్టి రుజువే. సందేశంలో చూపే తీర్పు 2014 నాటిది, తమిళనాడు రవాణా సంస్థ మీద నడిచిన కేసు. అందులో ఆదాయం తేల్చడానికి రిటర్నును తీసుకున్నారు, అంతే. రిటర్ను లేనివారికి జీతం స్లిప్పులు, బ్యాంకు స్టేట్‌మెంట్లు, ట్రేడ్ లైసెన్సు, పని ఇచ్చినవారి సాక్ష్యం పనికొస్తాయి. ఏమీ లేకపోతే కనీస వేతనాన్ని బట్టి అంచనా వేస్తారు. అప్పుడు మొత్తం తగ్గుతుంది, సున్నా మాత్రం కాదు. చనిపోయాక హడావుడిగా ఎక్కువ ఆదాయం చూపించి వేసే రిటర్నులను కోర్టులు అనుమానంగా చూస్తాయి. ఆ పని చేయకండి.

ఆ సందేశంలో లేనిదే అన్నిటికన్నా ముఖ్యం: గడువు. 2022 ఏప్రిల్ 1 నుంచి, ప్రమాదం జరిగిన ఆరు నెలల్లోపు దరఖాస్తు పెట్టాలి. ఆ నిబంధనను సుప్రీంకోర్టులో సవాలు చేసినా, దాన్ని నమ్ముకుని ఆలస్యం చేయొద్దు. పెద్దకర్మ అయిన వెంటనే స్టేషన్‌కు వెళ్లి ఎఫ్ఐఆర్, శవ పంచనామా, పోస్టుమార్టం రిపోర్టు, బ్రేక్ ఇన్‌స్పెక్టర్ రిపోర్టు నకళ్లు అడగండి. ఎఫ్ఐఆర్‌లో బండి నంబరు ఒక్క అక్షరం తప్పుపడినా పాలసీ దొరకదు, కంపెనీ తప్పించుకుంటుంది. పోలీసులు 48 గంటల్లో మొదటి నివేదిక, 90 రోజుల్లో పూర్తి నివేదిక ట్రిబ్యునల్‌కు, కంపెనీకి పంపాలి. పంపారో లేదో రాతపూర్వకంగా అడగండి. లాయరు ఫీజు భారమైతే, స్త్రీలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా లాయరును ఇస్తుంది.

గుద్దిన బండి ఆచూకీ దొరకకపోతే మాత్రం దారి వేరు. 2022 పథకం కింద కుటుంబానికి 2 లక్షలు వస్తాయి. దానికి ఇన్‌కమ్ ట్యాక్స్ రిటర్నుతో పనిలేదు. ప్రమాదం జరిగిన ప్రాంతపు రెవెన్యూ అధికారికి దరఖాస్తు ఇవ్వాలి. తర్వాత బండి దొరికి పూర్తి పరిహారం వస్తే, ముందు తీసుకున్న ఈ 2 లక్షలు అందులోంచి మినహాయిస్తారు.