ఫైలు తెరవడానికి ఇంత ఆలస్యమా?

1967లో కెనడాలోని సస్కచెవాన్ రాష్ట్రంలో పత్రికల్లో, టీవీల్లో ప్రకటనలు వచ్చాయి. పిల్లల్ని చూపించి, దత్తత తీసుకోండని పిలుపు. అందరూ ఆదివాసీ, మేటీ (ఆదివాసీ, ఐరోపా మిశ్రమ సంతతి) పిల్లలే. 'అడాప్ట్ ఇండియన్ మేటీ' అని ప్రభుత్వమే నడిపిన పథకం అది (ఇక్కడ 'ఇండియన్' అంటే అక్కడి ఆదివాసీ). ఇల్లు అద్దెకివ్వబడును అన్నట్టు పిల్లల్ని అచ్చేసిన ఆ పాపంలో పత్రికలకూ వాటా ఉంది.

1951లో ఆదివాసులపై ఉన్న 'ఇండియన్ యాక్ట్' చట్ట సవరణతో రాష్ట్రాల శిశు సంక్షేమ శాఖలు ఆదివాసుల రిజర్వుల్లో (వాళ్లకు కేటాయించిన భూముల్లో) అడుగుపెట్టాయి. పేదరికాన్ని కూడా 'నిర్లక్ష్యం' కింద రాసుకుని పిల్లల్ని పట్టుకుపోయాయి. 1980ల దాకా సుమారు 20 వేల మంది అలా వెళ్లారు, ఎక్కువగా తెల్లవారి ఇళ్లకు. 'సిక్స్‌టీస్ స్కూప్' అంటే ఇదే. మానిటోబాలో న్యాయమూర్తి ఎడ్విన్ కిమెల్‌మన్ 1985లోనే దీన్ని సాంస్కృతిక జాతిహననం అన్నారు.

ఆ పిల్లల్లో చాలామందికి ఇప్పుడు యాభై, అరవై ఏళ్లు. 2017లో కెనడా ప్రభుత్వంతో 80 కోట్ల డాలర్ల పరిహార ఒప్పందం కుదిరింది. అర్హులకు తలా 25 వేల డాలర్లు ముట్టాయి. మేటీలను మాత్రం పక్కన పెట్టారు. ఊరూరా ప్రకటనలిచ్చి పంచేటప్పుడు వాళ్లు గుర్తున్నారు మరి!

డబ్బు కన్నా ముందు వాళ్లకు కావలసింది కాగితం. దత్తతతో పేరు మారింది, పుట్టుక రికార్డుకు సీలు పడింది. మానిటోబా ఆ రికార్డులు తెరిచింది 2015లో. అప్పటికి కొందరికి దొరికింది అమ్మ సమాధే. డీఎన్ఏ టెస్టులు చేయించుకుని, ఫేస్‌బుక్‌లో చిన్ననాటి ఫొటో పెట్టి ఎవరి తిప్పలు వాళ్లు పడుతున్నారు. విడదీసింది ప్రభుత్వం కనుక వెతికే పని, ప్రయాణ ఖర్చు కూడా ప్రభుత్వానివే కావాలని మా అభిప్రాయం.

కలుసుకున్నా సినిమా క్లైమాక్స్‌లా ఉండదు. తల్లికి వచ్చింది క్రీ అనే ఆదివాసీ భాష, బిడ్డకు వచ్చింది ఇంగ్లిష్. క్రీలో తల్లి అక్కచెల్లెళ్లను 'నికావిస్' అంటారు, అంటే అచ్చంగా మన చిన్నమ్మే. ఆ పిలుపు యాభై ఏళ్ల వయసులో నేర్చుకోవడం ఎంత కష్టమో పిన్ని చేతుల్లో పెరిగినవాళ్లకు చెప్పక్కర్లేదు.

ఇది మనకు మరీ దూరపు కథ కాదు. 1999, 2001లో హైదరాబాద్‌లో బయటపడ్డ దత్తత కుంభకోణాల్లో లంబాడా తండాల ఆడశిశువులున్నారు. ఆ రోజుల్లో విదేశాలకు వెళ్లిన పిల్లలకు ఇప్పుడు పాతికేళ్లు దాటాయి. వాళ్లు వచ్చి మా తండా ఏదని అడగకముందే మన శిశు సంక్షేమ శాఖ ఆ ఫైళ్ల దుమ్ము దులిపి, స్కాన్ చేయించి పెట్టాలి.