మాయాలోహాన్ని తవ్వేదెవరు?

కల్పిత లోకాన్ని సృష్టించబూనిన రచయితకు అన్నింటికన్నా ముందు చేతికందేది ఒక అద్భుత పదార్థం. ఇనుమును వెన్నలా కోసే లోహం, మంత్రానికి ఇంధనమయ్యే ధూళి, చీకట్లో దారి చూపే స్ఫటికం వంటివి నవలల్లోనూ వీడియో గేముల్లోనూ ధారావాహికల్లోనూ కుప్పలుతెప్పలుగా కనిపిస్తున్నాయి. వాటిలో చాలావాటికి శక్తి ఉంది గానీ పుట్టుక లేదు; గని లేదు, తవ్వినవాడు లేడు, తూచినవాడు లేడు. కథానాయకుడికి కత్తి కావలసిన చోట ప్రత్యక్షమై, అవసరం తీరగానే మరుగున పడిపోతున్నాయి. పదార్థం మహిమను ఎంత గొప్పగా వర్ణించినా, అది ఎవరి చేతులు మారి వస్తున్నదో చెప్పనంతవరకు ఆ లోకం నమ్మదగినది కాదని మా అభిప్రాయం.

పాతకాలం కథకులకు ఈ సంగతి బాగా తెలుసు. శ్యమంతకమణి రోజుకు ఎనిమిది బారువుల బంగారం ఇస్తుందని, కరవును దరిచేరనీయదని భాగవతం రెండు ముక్కల్లో చెప్పి ముగిస్తుంది. తర్వాతి కథంతా మనుషులది. సత్రాజిత్తు మణిని ఇవ్వననడం, దాన్ని ధరించి వేటకు వెళ్లిన ప్రసేనుడు సింహం వాత పడడం, ఆ సింహాన్ని చంపిన జాంబవంతుడు మణిని పసివాడికి ఆటవస్తువుగా ఇవ్వడం, ఈలోగా ద్వారకలో కృష్ణుడి మీద నింద పడడం, చివరకు సత్రాజిత్తే దాని కోసం హతుడు కావడం... ఇవన్నీ ఆశకూ అనుమానానికీ సంబంధించినవి. ఊరంతటినీ అట్టుడికించిన రాయి గుహలో ఒక పిల్లవాడి ఏడుపు మాన్పడానికి పనికొచ్చిందన్న ఒక్క వివరం వంద మహిమల పెట్టు. అట్లాంటిస్ ద్వీపాన్ని వర్ణించిన ప్లేటో సైతం ఒరికాల్కమ్ అనే లోహాన్ని ద్వీపంలో పలుచోట్ల భూమిలోంచి తవ్వి తీసేవారని, విలువలో బంగారం తర్వాత దానిదే స్థానమని ముందుగా చెప్పి, ఆ పైననే దానితో కోటగోడకు పూత పూయించాడు.

వెన్నెల సోకినంతసేపు బరువు కోల్పోయే లోహం ఒకటి ఉందనుకుందాం. గాలిలో తేలే ఓడలు, రెండు చేతులా రెండు గదలు తిప్పే వీరులు ఎవరికైనా ఇట్టే తడతారు. అక్కడితో ఆగిన రచయిత ఆ లోహాన్ని వృథా చేసుకున్నట్టే. వ్యాపారి దాన్ని పున్నమి రాత్రి తూచి కొంటాడు, అమావాస్య నాడు తూచి అమ్ముతాడు. ఆ మోసాన్ని అరికట్టేందుకు పగటిపూట తప్ప తూకం వేయరాదని రాజు శాసిస్తే, పగలు కూడా చంద్రుడు ఆకాశంలో కనిపించిన రోజున వేసిన తూకం చెల్లుతుందా అని వ్యాజ్యాలు పుడతాయి. ఆ వ్యాజ్యాల మీదనే బతికే న్యాయవాదులూ పుడతారు. కృష్ణపక్షంలో సరుకు కదలక దారి పొడవునా కొట్లలో పేరుకుపోతుంది, కావలివాళ్ల కూలి పెరుగుతుంది. శుక్లపక్షంలో ఘాట్ ఎక్కుతున్న బండి మీద నుంచి ఒక్క మబ్బు తునక దాటిపోతే చాలు, పోయిన బరువంతా ఒక్కసారిగా తిరిగొచ్చి ఇరుసు పెటిల్లున విరుగుతుంది. ఎద్దులు ఏమవుతాయో చెప్పనక్కరలేదు. ఇక గని సంగతి. అక్కడ వెన్నెల పడదు. కూలివాడు పూర్తి బరువును నెత్తిన పెట్టుకుని నిచ్చెన మెట్లు ఎక్కి పైకి వస్తాడు. గని నోటి దగ్గర యజమాని మనిషి దాన్ని రెండు వేళ్లతో అందుకుని, పండు వెన్నెల్లో తూచి, ఆ తూకానికే కూలి కట్టిస్తాడు. ఎగిరే ఓడ కన్నా ఈ దృశ్యంలోనే ఆ రాజ్య స్వభావం ఎక్కువ తెలుస్తుంది.

ఇది అతిశయోక్తి అనుకునేవారు రేడియం చరిత్ర చూడవచ్చు. 1898లో క్యూరీ దంపతులు కనుగొన్న ఆ మూలకం తనంతట తాను వెలువరించే శక్తితో లోకాన్ని విస్మయపరిచింది. చీకట్లో మెరిసే గడియారాల కోసం అమెరికా కర్మాగారాల్లో యువతులు రేడియం కలిపిన రంగుతో అంకెలు దిద్దేవారు. కుంచె కొసను పెదవులతో సన్నం చేసుకోవాలని వారికి నేర్పారు. దవడ ఎముకలు కుళ్లి ఎందరో మరణించారు. మంత్ర స్ఫటికాలతో వెలిగే నగరాన్ని వర్ణించే రచయిత ఆ స్ఫటికాలను సానపట్టే వారి చేతుల వైపు ఒక్కసారైనా చూడాలని కోరడం అత్యాశ కాదు.

అన్నీ వివరిస్తే అద్భుతం చచ్చిపోతుందన్న వాదన ఉంది. అందులో సగమే నిజం. వెన్నెలకు లోహం ఎందుకు తేలికవుతుందో చెప్పనవసరం లేదు. పాఠకుడు అడగడు కూడా. కారణాన్ని రహస్యంగా ఉంచే హక్కు రచయితకు ఎప్పుడూ ఉంది. పర్యవసానాలను ఎగవేసే హక్కు మాత్రం లేదు. అవసరానికి తగిన గుణాలన్నీ ఉండి ఎక్కడా దొరకని పదార్థాన్ని ఇంజినీర్లు 1950ల నాటి నుంచే ‘అన్‌అబ్టేనియం’ అని వేళాకోళం చేస్తున్నారు. వారికి అది పరిహాసమని తెలుసు. కథల్లో మాత్రం దాన్ని నిజమైన పరిష్కారంగా చలామణీ చేస్తున్నారు.

ఈ కథల్లో దాదాపు కనిపించనిది ఇంకొకటుంది: అరుదైన పదార్థం చవకైపోవడం. 1884లో వాషింగ్టన్ స్మారక స్తంభం కొనకు అల్యూమినియం తొడిగినప్పుడు అది వెండితో పోటీపడే ఖరీదైన లోహం. రెండేళ్లు తిరగకుండానే, 1886లో, అమెరికాలో హాల్, ఫ్రాన్స్‌లో హెరౌల్ట్ ఎవరికి వారుగా విద్యుత్తుతో దాన్ని తీసే పద్ధతి కనిపెట్టారు. కొద్దికాలంలోనే అది వంటింటి గిన్నెల్లోకి దిగింది. మాయాలోహానికి ఇదే గతి పడితే దాన్నే ఖజానాగా దాచుకున్న రాజు అప్పులు ఎలా తీరుస్తాడు? తరతరాలుగా దాని మర్మాన్ని గుట్టుగా కాపాడిన కమ్మరి కుటుంబం ఏం చేస్తుంది? కొత్త పద్ధతి కనిపెట్టిన మనిషిని బతకనిస్తారా? గనులు మూతపడిన కొండప్రాంతం తిరగబడితే, ఆ లోహపు ఖడ్గంతోనే వీరుడనిపించుకున్న నాయకుడు ఎవరి పక్షాన నిలుస్తాడు? ఇలాంటి కథలు రావలసి ఉంది.