శాశ్వత నైతిక అసమర్థత గారికి బహిరంగ లేఖ

పెరూ రాజ్యాంగం, అధికరణ 113, రెండో క్లాజులో కాపురముంటున్న శ్రీ శాశ్వత నైతిక అసమర్థత గారికి,

ఉభయకుశలోపరి. ఉభయుల్లో తమరు కుశలమే. రెండోవారు, అంటే ఆ దేశపు అధ్యక్షులు, ఎలా ఉన్నారో తమరికే బాగా తెలుసు.

తమరు ఉంటున్న వాటా చిన్నదే. అధ్యక్ష పదవి ఎప్పుడు ఖాళీ అవుతుందో చెప్పే ఐదు కారణాల పట్టీ అది. మొదటిది మరణం. రెండోది తమరు, అంటే అధ్యక్షుడు నైతికంగా ఆ పదవికి తగడని కాంగ్రెస్ (ఆ దేశపు పార్లమెంటు) ప్రకటించడం. మూడోది రాజీనామాను కాంగ్రెస్ ఆమోదించడం. నాలుగోది కాంగ్రెస్ అనుమతి లేకుండా దేశం దాటడం, లేదా వెళ్లి గడువులోగా రాకపోవడం. ఐదోది అధికరణ 117లో రాసిన కొన్ని నేరాలకు పదవి ఊడటం. అన్నిటికీ ఏదో ఒక కాగితం చూపించవచ్చు: మరణ ధ్రువపత్రం, రాజీనామా లేఖ, పాస్‌పోర్టు మీద ముద్ర. తమరి పక్క గదిలోని 'శారీరక అసమర్థత'ను తేల్చడానికి డాక్టరున్నాడు. తమరిని కొలవడానికి ఉన్న పరికరం ఒక్కటే, కాంగ్రెస్ హాల్లోని ఓట్ల బోర్డు.

తమరి వంశం పాతది. స్పెయిన్ రాజుల కాలంలో లిమాలో పదవి దిగే ప్రతి అధికారీ, వైస్రాయితో సహా, 'రెసిదెన్సియా' అనే విచారణకు నిలబడాలి. ఫలానా తేదీ దాకా ఫిర్యాదులు చెప్పుకోవచ్చని ఊళ్లో చాటింపు వేసేవారు. ఆరోపణల పట్టీ ఉండేది, జవాబు చెప్పుకునే గడువుండేది. డబ్బిచ్చి గట్టెక్కినవాళ్లకూ కొదవలేదు. కింది స్థాయి అధికారుల విషయంలో చాలాసార్లు, కొత్తగా ఆ కుర్చీలోకి వచ్చినవాడే పాతవాణ్ణి విచారించేవాడు. ఆ గుణం తమరికి బాగా అబ్బింది, దాని సంగతి తర్వాత. స్వాతంత్ర్యం వచ్చాక 1839లో ఉవాంకాయోలో రాసిన రాజ్యాంగంలో తమరు తొలిసారి కనిపించారు. ఆ తర్వాత ఎన్ని రాజ్యాంగాలు మారినా తమరు ఇల్లు ఖాళీ చేయలేదు. ఏళ్లు గడిచినా తమరంటే ఏమిటో నిర్వచించే తీరిక మాత్రం ఎవరికీ దొరకలేదు.

చాలాకాలం తమరికి పెద్దగా పని లేదు. ఎందుకంటే సైన్యం ఆ పని చేసిపెట్టేది. 1914లో అధ్యక్షుడు గియ్యెర్మో బిల్లింగ్‌హర్స్ట్‌ను దించే ఏర్పాట్లు కాంగ్రెస్‌లో సాగుతుండగానే, ఆయన కాంగ్రెస్‌ను రద్దు చేయబోతుండగానే, కర్నల్ ఆస్కార్ బెనవిదేస్ ఫిబ్రవరి 4న తుపాకులతో వచ్చి ఇద్దరికీ శ్రమ తప్పించాడు. 1992 ఏప్రిల్ 5న అధ్యక్షుడు అల్బెర్తో ఫుజిమోరీ ట్యాంకులు దించి కాంగ్రెస్‌ను మూసేసినప్పుడు, బయటపడ్డ సభ్యులు తమరి పేరు చెప్పి పదవి ఖాళీ అని ప్రకటించారు. ఏప్రిల్ 21న న్యాయవాదుల సంఘం భవనంలో ఉపాధ్యక్షుడు మాక్సిమో సాన్ రోమాన్‌తో అధ్యక్షుడిగా ప్రమాణం కూడా చేయించారు. ఆయన మాటకు కదిలిన సిపాయి లేడు. తమాషా ఏమిటంటే, ఫుజిమోరీ మరుసటి ఏడాది రాయించుకున్న కొత్త రాజ్యాంగంలోకి కూడా తమరు సామాను సర్దుకుని వచ్చేశారు. 2000 నవంబరులో ఆయన టోక్యో నుంచి ఫ్యాక్స్‌లో రాజీనామా పంపితే కాంగ్రెస్ దాన్ని తిరస్కరించి, తమరి పేరు మీదే సాగనంపింది. 120 మందిలో 62 ఓట్లు పడ్డాయి.

62 ఓట్లకే దేశాధ్యక్షుడు పోతాడా అని రాజ్యాంగ ట్రిబ్యునల్‌కు తర్వాత బెంగ పట్టుకుంది. 2003లో, కనీసం మూడింట రెండు వంతుల మెజారిటీ పెట్టుకోండని కాంగ్రెస్‌కు సూచించింది. 2004లో కాంగ్రెస్ నిబంధనల్లో 89-ఏ చేరింది. అధ్యక్షుణ్ణి దించే వంటకానికి కొలతలు ఇవిగో, తమరికి కంఠతా వచ్చినవే అయినా పాఠకుల కోసం: 130 మంది సభలో 26 సంతకాలతో తీర్మానం పెట్టాలి. చర్చకు స్వీకరించడానికి, ఓటు వేయగల సభ్యుల్లో నలభై శాతం, అందరూ ఉంటే 52 మంది, ఒప్పుకోవాలి. ఆ తర్వాత మూడో రోజుకూ పదో రోజుకూ మధ్య చర్చ. అంత ఆగలేమనుకుంటే అయిదింట నాలుగు వంతులు, అంటే 104 మంది సరేనంటే అప్పటికప్పుడే. అధ్యక్షుడికీ ఆయన వకీలుకూ కలిపి గరిష్ఠంగా 60 నిమిషాలు. చివర 87 ఓట్లు.

ఈ 87 హాజరైనవాళ్లలో లెక్కించేది కాదు, మొత్తం 130లో లెక్కించేది. కాబట్టి అధ్యక్షుణ్ణి కాపాడేవాళ్లు ఆయనకు అనుకూలంగా నోరు తెరవక్కర్లేదు. 44 మంది తటస్థంగా కూర్చున్నా, ఆ పూట సభకే రాకపోయినా తమరి పప్పులు ఉడకవు. పెరూలో నీతికి తుది కొలత అదే. 44 మంది ఉన్నవాడు సచ్ఛీలుడు, 43 ఉన్నవాడు భ్రష్టుడు. 2011లో ఒయాంతా ఉమాలా పార్టీ 47 సీట్లతో వచ్చింది, అయిదేళ్లూ గడిపేశాడు. 2016లో పెద్రో పాబ్లో కుచిన్‌స్కీకి దక్కినవి 18, ప్రత్యర్థి కెయికో ఫుజిమోరీ పార్టీకి 73. 2021లో పెద్రో కాస్తియో పార్టీకి 37. కుచిన్‌స్కీ తర్వాత అధ్యక్షుడైన మార్తిన్ విస్కారాకు 2020 కాంగ్రెస్‌లో సొంత పార్టీ అన్నదే లేదు. ఇక ఎవరి నైతికత ఎప్పుడు చెడుతుందో చెప్పడానికి పంచాంగం దేనికి?

కుచిన్‌స్కీ కథలో తమరి బేరం రేటు బయటపడింది. 2017 డిసెంబరు 21న 78 ఓట్లే పడ్డాయి, తొమ్మిది తక్కువ. కెయికో తమ్ముడు కెంజీ ఫుజిమోరీ తనవాళ్లతో కలిసి తటస్థంగా ఉండిపోయాడు. మూడు రోజులకు, క్రిస్మస్ ముందు రాత్రి, జైల్లో ఉన్న వాళ్ల నాన్న అల్బెర్తోకు అధ్యక్షుడి క్షమాభిక్ష వచ్చింది. యాదృచ్ఛికం కాబోలు. మార్చిలో రెండో తీర్మానం ఓటుకు రాకముందే, ఓట్ల కోసం పనులు ఎరజూపుతున్న వీడియోలు బయటికొచ్చాయి. 2018 మార్చి 21న ఆయనే రాజీనామా చేశాడు.

మార్తిన్ విస్కారా తెలివైనవాడు. తమరికి ఎదురు ఆయుధం రాజ్యాంగంలోనే ఉంది: అధికరణ 134. రెండు మంత్రివర్గాలకు విశ్వాసం నిరాకరిస్తే అధ్యక్షుడు కాంగ్రెస్‌ను రద్దు చేయొచ్చు. 2019 సెప్టెంబరు 30న ఆయన దాన్ని వాడాడు. ఆ సాయంత్రం, రద్దయిన కాంగ్రెస్ తమరి తమ్ముణ్ణి, అధికరణ 114లోని 'తాత్కాలిక అసమర్థత'ను నిద్రలేపి, ఆయన్ను సస్పెండ్ చేసి ఉపాధ్యక్షురాలు మెర్సెదేస్ అరావోస్‌తో ప్రమాణం చేయించింది. ఆమె మర్నాడే తప్పుకుంది. కొత్తగా ఎన్నికైన కాంగ్రెస్ 2020 సెప్టెంబరు 18న తమరిని పిలిస్తే 32 ఓట్లే వచ్చాయి. నవంబరు 9న మళ్లీ పిలిస్తే 105. యాభై రెండు రోజుల్లో 73 మందికి ఒక్కసారిగా నైతిక దృష్టి వికసించింది! ఆరోపణ ఆయన మొకేగ్వా గవర్నరుగా ఉన్న నాటి లంచాలది. అప్పటికి ఏ కోర్టూ తేల్చలేదు. తేల్చాల్సిన కోర్టు తర్వాత తేల్చింది, 2025 నవంబరులో 14 ఏళ్ల శిక్ష వేసింది. అంటే ఆ పనికి వేరే యంత్రాంగం ఉంది, ఆలస్యమైనా నడుస్తోంది.

ఇంతకీ తమరి గిరాకీకి అసలు కారణం అధికరణ 117. పదవిలో ఉన్న అధ్యక్షుడి మీద అభియోగం మోపాలంటే దేశద్రోహం, ఎన్నికలు అడ్డుకోవడం, కాంగ్రెస్‌ను అక్రమంగా రద్దు చేయడం, కాంగ్రెస్ లేదా ఎన్నికల సంస్థల పని జరగనివ్వకపోవడం, అంతే. లంచం ఆ పట్టీలో లేదు. మామూలు దొంగతనానికి మామూలు దారి మూసేశాక, జనం తమరి గుమ్మం ముందు కాక ఇంకెక్కడ నిలబడతారు?

దానికి తోడు అధికరణ 115. అధ్యక్షుడు పోతే మొదటి ఉపాధ్యక్షుడు, లేకపోతే రెండోవాడు, అదీ లేకపోతే కాంగ్రెస్ అధ్యక్షుడే దేశాధ్యక్షుడు. 2020 నవంబరులో ఉపాధ్యక్షులెవరూ మిగల్లేదు. ఓటు పెట్టించిన సభాపతి మాన్యుయెల్ మెరీనో మర్నాడు దేశాధ్యక్షుడి పట్టీ భుజాన వేసుకున్నాడు. వీధులు నిండిపోయాయి, ఇద్దరు కుర్రాళ్లు చనిపోయారు, అయిదు రోజులకే దిగిపోయాడు. అప్పుడైనా తమరంటే ఏమిటో చెబుతారని అందరూ రాజ్యాంగ ట్రిబ్యునల్ వైపు చూశారు. నవంబరు 19న ఆ పెద్దలు, వ్యవహారం ముగిసిపోయింది కాబట్టి విచారించేదేమీ లేదని 4-3తో తేల్చారు. పెళ్లయిపోయాక ముహూర్తం గురించి అడగొద్దన్నారన్నమాట.

కాస్తియో విషయంలో తమరు రెండుసార్లు ఓడారు: 2021 డిసెంబరులో 46 ఓట్లు, స్వీకరణ దశ కూడా దాటలేదు, 2022 మార్చిలో 55. మూడో తీర్మానాన్ని 73 మంది స్వీకరించారు, 87కి ఇంకా 14 తక్కువ. డిసెంబరు 7 మధ్యాహ్నం చర్చ. ఊరికే కూర్చుంటే గండం గడిచేదేమో. ఆ మనిషి దానికి కొన్ని గంటల ముందు టీవీ ముందుకొచ్చి, వణికే చేతులతో కాగితం పట్టుకుని కాంగ్రెస్‌ను రద్దు చేస్తున్నానని చదివాడు. సైన్యం రాలేదు. గంటల్లో 101 ఓట్లు పడ్డాయి. రక్షణ వాదనకని రాసిపెట్టిన ఆ 60 నిమిషాలు ఎవరికీ గుర్తు రాలేదు. ఆయన కారును సొంత భద్రతా సిబ్బందే పోలీసుల దగ్గరికి తీసుకెళ్లారు.

కాస్తియో దిగాక ఉపాధ్యక్ష పదవి నుంచి అధ్యక్షురాలైన దీనా బొలువార్తే దగ్గరికొచ్చేసరికి మాత్రం తమరి నీతిశాస్త్రం ఎంత చదివినా బుర్రకెక్కదు. ఆమె పాలన మొదటి నెలల్లో నిరసనల మీద బలప్రయోగంలో పదుల మంది పౌరులు చనిపోయారు. 2023 జనవరి 9న ఒక్క హులియాకాలోనే 18 మంది. తీర్మానం వచ్చింది, స్వీకరణ దశలోనే పోయింది. 2024లో రోలెక్స్ గడియారాల వ్యవహారంలో పోలీసులు ఆమె ఇంటి తలుపు బద్దలు కొట్టి సోదా చేశారు. మళ్లీ తీర్మానాలు, మళ్లీ అదే గతి. తమరు అన్నాళ్లూ గాఢనిద్రలో ఉన్నారు. ఎన్నికలు ఆరు నెలల్లోకి వచ్చాక, 2025 అక్టోబరు 8న లిమాలో ఓ కుంబియా సంగీత బృందం మీద వేదికపైనే కాల్పులు జరిగాయి. తమరు ఉలిక్కిపడి లేచారు. మర్నాడు ఒక్కరోజులోనే నాలుగు తీర్మానాలు, అర్ధరాత్రికి కాస్త ముందు వచ్చి జవాబు చెప్పమని పిలుపు, ఆమె రాలేదు, అర్ధరాత్రి దాటగానే ఓటు. ఆమెను కాపాడుతూ వచ్చిన పార్టీలే వేశాయి, ఒక్క ఓటూ వ్యతిరేకంగా లేదు. ఉపాధ్యక్షుడు లేడు. సభాపతి హోసే హెరీ తెల్లవారేలోగా ప్రమాణం చేశాడు. 2016 నుంచి లెక్కేస్తే ఏడో అధ్యక్షుడు.

అందుకని మూడే మూడు విన్నపాలు. లంచాన్ని 117లో చేర్చనివ్వండి, తమరి మీద బరువు తగ్గుతుంది. తమరి పేరు మీద కుర్చీ ఖాళీ అయితే ఓటేసిన సభ కూడా అదే రోజు ఇంటికి వెళ్లేలా ఒక వాక్యం చేర్చుకోండి. అప్పుడు 87 మంది నీతి ఎంత గట్టిదో చూద్దాం. అది కుదరకపోతే పేరులోంచి ఆ 'శాశ్వత' అయినా తీసేసుకోండి. సెప్టెంబరులో 32 ఓట్లూ నవంబరులో 105 ఓట్లూ తెచ్చుకున్న గుణాన్ని శాశ్వతమంటే వినేవాళ్లకు బాగోదు.

ఇట్లు,
ఓట్ల బోర్డు చూస్తూ కూర్చున్న ఒక పాఠకుడు

తా.క.: పక్క దేశం ఈక్వెడార్‌లో తమరి చుట్టం 'మానసిక అసమర్థత' గారిని కూడా అడిగినట్టు చెప్పండి. 1997 ఫిబ్రవరి 6న అబ్దలా బుకారామ్‌ను వారు 44 ఓట్లతో పదవి దించారు. డాక్టరు సర్టిఫికెట్ ఒక్కటీ అడగలేదు. ఆ తర్వాత దిగిపోయినాయన, ఉపాధ్యక్షురాలు రొసాలియా అర్తెయాగా, కాంగ్రెస్ అధ్యక్షుడు ఫాబియాన్ అలార్కోన్, ముగ్గురూ అధ్యక్షుణ్ణి నేనంటే నేనన్నారు. చివరికి కుర్చీ ఎవరికి దక్కిందో తమరు ఊహించే ఉంటారు: సభాపతికే.