సూడోఫేకియా అంటే జబ్బు కాదు తమ్ముడూ

పోయిన నెల ఒకరోజు అర్ధరాత్రి దాటాక డాలస్ నుంచి మా తమ్ముడి ఫోన్. "అక్కా, అమ్మకి సూడోఫేకియా అంట కదా! రిపోర్టులో ఉంది. నాకెందుకు చెప్పలేదు?"

నిద్రమత్తులో నాకూ గుండె ఝల్లుమంది. ఆ పేరు వింటే న్యుమోనియాకి మేనత్త కూతురేమో అనిపిస్తుంది మరి. విషయమేంటంటే, కుడి కంటికి చూపు మళ్ళీ మసగ్గా ఉందని అమ్మ ఆ పొద్దున తెనాలిలో డాక్టరుకి చూపించుకుని, ఇచ్చిన కాగితాన్ని ఫొటో తీసి ఫ్యామిలీ గ్రూపులో పడేసింది. వాడు జూమ్ చేసి చదివాడు. కుడి కన్ను: సూడోఫేకియా. ఎడమ కన్ను: ఇమ్మెచ్యూర్ సెనైల్ కేటరాక్ట్. ఇంకేం, మూడు నిమిషాల్లో వాడు సగం డాక్టరయ్యాడు, పూర్తిగా టెన్షన్ పడ్డాడు.

సూడోఫేకియా అంటే ఆ కంట్లో ఉన్నది పుట్టుకతో వచ్చిన లెన్స్ కాదు, ఆపరేషన్‌లో పెట్టిన లెన్స్ అని. అంతే. జబ్బు కాదు, ఆ కంటి హోదా. శుక్లాల ఆపరేషన్ అయి లెన్స్ వేయించుకున్న ప్రతి ఒక్కరి రిపోర్టులోనూ బతికున్నంతకాలం ఆ మాట ఉంటుంది. మీ ఇంట్లోనూ ఒకరిద్దరు సూడోఫేకులు ఉండే ఉంటారు, వాళ్ళకే తెలియదు. ఇక ఆ "ఇమ్మెచ్యూర్ సెనైల్" అంటే వయసు వల్ల వచ్చిన శుక్లం, ఇంకా ముదరలేదు అని. మా అమ్మ మాత్రం "ఇమ్మెచ్యూరా, సెనైలా, ఏదో ఒకటి తేల్చమను" అంది.

వాణ్ణి పడుకోబెట్టాక (వాడికి అప్పుడు మధ్యాహ్నం, పడుకున్నది నేనే అనుకోండి) ఈ ఫేకో గొడవేంటో చూద్దామని కూర్చున్నా. చూస్తే వంటింట్లో తేలింది. గ్రీకు భాషలో ఫేకోస్ అంటే మసూర్ గింజ, మన మైసూరుపప్పు పొట్టు తీయకముందు ఉండేది. అటూ ఇటూ ఉబ్బెత్తుగా, అంచులు పల్చగా ఉంటుంది కదా, మన కంటి లెన్స్ కూడా ఆ ఆకారమే. తమాషా ఏంటంటే ఇంగ్లీషు వాళ్ళ లెన్స్ అనే మాట కూడా లాటిన్‌లో అదే పప్పు. గ్రీకువాడైనా లాటిన్‌వాడైనా కంట్లోకి చూసి పప్పుగింజే అనుకున్నారు. లెన్స్ అసలు లేకపోతే ఎఫేకియా. దొంగ లెన్స్ ఉంటే సూడోఫేకియా. పప్పు లేదు, నకిలీ పప్పు ఉంది. ఇంత తేలికైన సంగతి ఎవరూ ఎందుకు చెప్పరో!

ఎఫేకియా అంటే మా తాతయ్య గుర్తొస్తాడు. మాట తెలియకపోయినా ఆ మనిషిని నేను చూశాను. ఎనభైల్లో మా ఊరి హైస్కూల్లో కంటి క్యాంపు పెడితే ఆపరేషన్ చేయించుకున్నాడు. కంటి మీద ఆకుపచ్చ గుడ్డ, తల కదపకూడదని పక్కన ఇసక మూటలు. అప్పటి పద్ధతిలో మసకబారిన లెన్స్‌ని, అది ఉండే పల్చటి సంచితో సహా పీకేసేవారు, బదులు ఏమీ పెట్టేవారు కాదు. ఆ లోటు పూడ్చడానికి ప్లస్ పది, ఆ చుట్టుపక్కల పవరున్న సోడాబుడ్డి అద్దాలు. వాటిలోంచి చూస్తే ప్రతిదీ పావువంతు పెద్దదై కనిపిస్తుంది. అందుకే ఆయన కాఫీ గ్లాసు అందుకోబోయి గాలిని పట్టుకునేవాడు, అరుగు దిగేటప్పుడు కాలితో తడుముకునేవాడు. మేమేమో ఆ అద్దాల వెనక గుడ్లగూబలా కనపడే కళ్ళు చూసి నవ్వేవాళ్ళం. ఇప్పుడు తలుచుకుంటే సిగ్గేస్తుంది.

కంట్లో లెన్స్ పెట్టొచ్చని అప్పటికి తెలియక కాదు. 1949లోనే లండన్‌లో హెరాల్డ్ రిడ్లీ అనే డాక్టర్ పెట్టాడు. రెండో ప్రపంచ యుద్ధంలో విమానాల ప్లాస్టిక్ అద్దాలు పగిలి పైలట్ల కళ్ళలో గుచ్చుకున్న ఆ ప్లాస్టిక్ ముక్కల్ని కన్ను తిప్పికొట్టకపోవడం గమనించి, ఆ ప్లాస్టిక్‌తోనే లెన్స్ చేయించాడు. అది మా ఊరి హైస్కూలు దాకా రావడానికి మాత్రం తాతయ్య జీవితం సరిపోలేదు. ఆయన ఎఫేకియా, ఆయన కూతురు సూడోఫేకియా. మధ్యలో నలభై ఏళ్ళ కంటి వైద్యం ఉంది.

సరే, అసలు నా కోపం దగ్గరికి వస్తా.

ఆ తెనాలి డాక్టరు అమ్మకి చెప్పిందేంటంటే, "మళ్ళీ పొర వచ్చిందమ్మా, లేజర్ చేస్తే పోతుంది." అమ్మ ఇంటికొచ్చి మండిపడింది. "మూడేళ్ళ కిందట లేజర్ ఆపరేషన్ అని అంత డబ్బు పోయించుకున్నారు. పొర తీసేశామన్నారు. మళ్ళీ పొరేంటి, మళ్ళీ లేజరేంటి? అప్పుడు సరిగ్గా తీయలేదన్నమాటే కదా!"

న్యాయమైన ప్రశ్నే. బీరువాలోంచి పాత ఫైలు తీశాను. డిశ్చార్జ్ కాగితంలో "ఫేకో విత్ పీసీఐఓఎల్" అని ఉంది, అంటే ఫేకో చేసి కంట్లో లెన్స్ పెట్టామని. లేజర్ అన్న మాట ఎక్కడా లేదు. ఎందుకుంటుంది, వాడలేదు కాబట్టి!

ఫేకో ఎమల్సిఫికేషన్ అనేది లేజర్ కాదండీ. అల్ట్రాసౌండ్. మూడు మిల్లీమీటర్లకి కూడా మించని గాటులోంచి సన్నటి గొట్టంలాంటి సూది లోపలికి పెడతారు. అది సెకనుకి సుమారు నలభై వేలసార్లు అదురుతూ గట్టిపడిన లెన్స్‌ని ముక్కలు చేసి, మెత్తగా చేసి, ఆ గుజ్జుని పీల్చేస్తుంది. 1967లో ఛార్లెస్ కెల్మన్ అనే అమెరికన్ డాక్టర్ దీన్ని మొదలుపెట్టాడు. ఐడియా ఎక్కడ వచ్చిందంటే పళ్ళ డాక్టరు కుర్చీలో. తన పళ్ళమీద గార తీస్తున్న ఆ గుయ్యిమనే పరికరాన్ని చూసి, ఇదే అదురుడు కంట్లో పనికొస్తుందే అనుకున్నాడు. ఎమల్షన్ అనే మాటకి మూలం లాటిన్‌లో పాలు పితకడం. గింజలాంటి దాన్ని పాలలా జారిపోయేట్టు చేయడం. అచ్చ తెలుగులో చెప్పమంటే పప్పు ఎనపడం! ఇలా చెప్తే మా అమ్మకి అర నిమిషంలో అర్థమైంది. "ఓ, పప్పుగుత్తి వేశారన్నమాట" అంది.

మరి మూడేళ్ళ కిందట మా అమ్మకి "లేజర్" అని చెప్పిందెవరు? డాక్టరు కాదు. కౌంటరు దగ్గర లామినేషన్ చేసిన ప్యాకేజీల అట్ట పట్టుకుని కూర్చున్న అమ్మాయి. అట్ట మీద ఫేకో, మైక్రో ఫేకో, వాటిపక్కన రేట్లు. "మేడమ్, ఇది లేజర్ టైపు, కుట్లుండవు, రేపే టీవీ చూసుకోవచ్చు." లేజర్ టైపు! లెన్స్ ఎలాంటిది, సంచి అంటే ఏంటి, తర్వాత ఏం జరగొచ్చు, ఒక్క ముక్క లేదు. ఆపరేషన్‌కి అంగీకార పత్రం మొత్తం ఇంగ్లీషులో ఉంటే, తెలుగు పేపరు మొదటి పేజీ నుంచి సినిమా ప్రకటనల దాకా చదివే మా అమ్మ ఇంటూ మార్కు పెట్టిన చోట సంతకం పెట్టి వచ్చింది.

నిజంగా లేజర్ వాడే పద్ధతి లేకపోలేదు. ఫెమ్టో లేజర్ అంటారు, ఖర్చు ఎక్కువ. అందులో గాటు పెట్టడం, లెన్స్ సంచి ముందుభాగం గుండ్రంగా కోయడం, లెన్స్‌ని కొంత ముక్కలు చేయడం లేజర్ చూసుకుంటుంది. ఆ తర్వాత లోపలున్నదాన్ని బయటికి లాగడానికి మళ్ళీ ఫేకో మిషనే దిక్కు. కుట్లుండవు అన్నది కూడా ఫేకోకి మాత్రమే దక్కే గొప్ప కాదు. క్యాంపుల్లో, ధర్మాసుపత్రుల్లో ఎక్కువగా చేసే, ఫేకో మిషన్ లేకుండా చేత్తో శుక్లం తీసే ఎస్‌ఐసీఎస్ పద్ధతిలో ఆరేడు మిల్లీమీటర్ల గాటు ఉంటుంది గానీ, దాన్ని సొరంగంలా వాలుగా పెడతారు కాబట్టి తనంతట తనే మూసుకుంటుంది. అక్కడ ఉచితంగా చేయించుకున్న మా పెదనాన్న ఇప్పటికీ రాత్రిపూట పేకముక్కల మీద చుక్కలు లెక్కపెడతాడు. ఆయనకి ఫేకో అంటే పేకే.

ఇప్పుడు ఆ రెండో మాట, పొర. శుక్లమంటే కంటిమీద పొర కమ్మడం అని మనందరి బుర్రల్లో పడిపోయింది. కాదు. కంటిలోపలి లెన్సే తెల్లబడుతుంది, మసకబారుతుంది. శుక్లం అంటేనే తెలుపు, మన పాతమాటే కచ్చితంగా ఉంది. పొర అనుకోవడం వల్లే, గోటితో గీకేసినట్టు తీసేస్తే అయిపోయే పని అనుకుంటాం. పొర ముదరాలి అని ఆగేది కూడా అందుకే. లెన్స్‌ని సంచితో సహా లాగేసే తాతయ్య కాలంలో ముదిరేదాకా ఆగమనడానికి అర్థముంది. ఫేకోలో వ్యవహారం తిరగబడింది. ఎంత ముదిరితే గింజ అంత గట్టి, దాన్ని ఎనపడానికి అంత ఎక్కువ అదురుడు కావాలి, ముందున్న నల్లగుడ్డు లోపలి కణాలకి అంత దెబ్బ. అలాగని కొంచెం మసకకే పరిగెత్తక్కర్లేదు. మీ పనులకి అడ్డొస్తోందా అన్నది చూసుకోవాలి. మా పిన్ని ఒకావిడ బాపట్లలో "ఇంకా ముదరలేదులే" అంటూ నాలుగేళ్ళు ఆగి, చివరికి చీకట్లో గడప తట్టుకుని పడి తుంటి ఎముక విరగ్గొట్టుకుంది.

పొర అనే మాట నిజంగా అతికేది రెండోసారికి. ఫేకోలో లెన్స్‌ని తీసేసి, అది ఉన్న పల్చటి సంచిని మాత్రం ఉంచుతారు, కొత్త లెన్స్ కూర్చోవాలి కదా. ఆ సంచికి అంటుకుని మిగిలిన కణాలు కొందరిలో నెలలకో ఏళ్ళకో పెరిగి, వెనకవైపు గోడని మసకబారుస్తాయి. డాక్టరు తప్పు కాదు, శుక్లం తిరిగి రావడమూ కాదు. అప్పుడు యాగ్ లేజర్‌తో ఆ గోడ మధ్యలో చిన్న కిటికీ తెరుస్తారు. కోత లేదు, కొన్ని నిమిషాల పని.

అంటే చూడండి విడ్డూరం. మొదటిసారి పొర లేదు, లేజరూ లేదు, మాకు చెప్పిందేమో పొర, లేజర్. రెండోసారి నిజంగానే పొర, నిజంగానే లేజర్, అప్పటికి మా అమ్మ ఆ రెండు మాటల్నీ నమ్మడం మానేసింది. పదిరోజులు పోనని మొండికేసింది. ఆ పదిరోజుల టెన్షన్‌కి కారణం ఆ అట్టే.

డాక్టర్లకి టైముండదు, తెలుసు. ఓపీలో వంద మంది కూర్చుని ఉంటారు. కానీ ఇది చెప్పడానికి డాక్టరే అక్కర్లేదు, అరపేజీ తెలుగు కాగితం చాలు. లెన్స్ తీస్తాం, సంచి ఉంచుతాం, అల్ట్రాసౌండ్‌తో చేస్తాం, సంచి మసకబారితే తర్వాత లేజర్ పడొచ్చు, మీ రిపోర్టులో ఇకమీదట సూడోఫేకియా అని ఉంటుంది, కంగారు పడకండి. రేట్ల అట్టకి లామినేషన్ చేయించినవాళ్ళకి ఇదొక లెక్కా? మనమూ తక్కువేం కాదులెండి. "మా నాన్నగారికి లేజర్ చేయించాం" అని చెప్పుకోవడంలో మనకో దర్జా. అవతలివాళ్ళు ఆ దర్జానే అమ్ముతున్నారు.

మొన్న గురువారం అమ్మకి యాగ్ అయింది. కంటి ప్రెషర్ చూసి, చుక్కల మందు రాసి పంపారు. సాయంత్రానికి క్యాలెండర్‌లో తిథులు చదివేసింది. ఎడమ కంటి సంగతి సంక్రాంతి తర్వాత చూద్దామంది. ఈలోపు ఎదురింటి ఆంటీ పలకరించడానికి వస్తే, ఫేకో గురించి, సంచి గురించి, పప్పుగుత్తి గురించి అమ్మ చెప్తుందని తలుపు దగ్గర చెవి పెట్టి నిలబడ్డా.

"ఆఁ, ఏముందమ్మా, లేజరే. రెండుసార్లు చేశారు" అంది.